రెండు చోట్ల పదిహేడు వేలు

నెలాఖరు రోజు మధ్యాహ్నం మా మరదలి ఫోను ఒక్కసారి ‘టింగ్’ మంటే చాలు, తమిళనాడులో మా ఏ. పళ్లిపట్టి కూడలిలో ప్రపంచం ఆగిపోతుంది. సేలం బస్సు ఆగుతుంది, ధర్మపురి బస్సు ఆగుతుంది, కర్రపెండలం లోడుతో పోతున్న ట్రాక్టరు ఆగుతుంది. అవి రోజూ అక్కడే ఆగుతాయన్నది నిజమే. కానీ ఆ ఒక్క రోజు మాత్రం మా తమ్ముడి జీతం ఎంత పడిందో తెలుసుకోవడానికే ఆగుతాయని నేను ఎవరి మీదైనా ఒట్టేసి చెప్పగలను.

తమ్ముడు సైన్యంలో హవల్దారు. జీతం వాడూ మరదలూ కలిసి తెరిచిన ఖాతాలో పడుతుంది. పడిన సంగతి మరదలి ఫోనుకు తెలుస్తుంది. మరదలు ఆ అంకెను మా అమ్మకు చదివి వినిపిస్తుంది. మా అమ్మకు ఏ భాషలోనూ అక్షరం ముక్క రాదు గానీ, పోయిన నెల కన్నా ఈ నెల ఎక్కువా తక్కువా అని తేల్చడంలో ఆమెను మించిన ఆడిటరు ఢిల్లీలో కూడా లేడు. ఎక్కువ పడిందా, ఆ వారం ఇంట్లో మటన్. అది మా అమ్మ పెట్టిన చట్టం. పెద్ద కొడుకునైన నా సంపాదన విషయంలో ఆ చట్టం ఎన్నడూ అమలు కాలేదు. పెరిగిన సందర్భం లేకపోవడం అందుకు ఒక కారణం కావచ్చు.

నేను ఆ కూడలిలోనే జిరాక్సు షాపు నడుపుతాను. పొలం పట్టా, రేషన్ కార్డు, కరెంటు ఆఫీసుకు అర్జీ, అల్లుడి మీద ఫిర్యాదు, ఏదైనా సరే నా కళ్ళజోడు కింద నుంచి పోవలసిందే. చుట్టుపక్కల నలభై ఊళ్ళకు నేనే హైకోర్టు. నలభై కాదు, నాలుగే అంటుంది నా భార్య. ఆమె కొండను చూసి గుట్ట అనే రకం.

రెండేళ్ళ కిందట వాడి జీతం ఒక్కసారిగా పదిహేడు వేల చిల్లర పెరిగింది. ఏమిరా సంగతి అని అడిగితే, “పంజాబులో క్యాంటీన్ స్టోరులో వేసినారన్నా. సబ్బులు లెక్క పెట్టేదే పని” అన్నాడు. సబ్బులు లెక్క పెట్టేవాడికే ఇంత ఇస్తోందంటే దేశానికి శుభ్రత మీద ఎంత పట్టింపో అని నేను పొంగిపోయాను. అమ్మ రెండు కిలోల మటన్ తెప్పించింది. ఆ రోజు మా వీధిలో కుక్కలు కూడా తిని మత్తుగా పడుకున్నాయి.

ఆ తర్వాత వాడి ఫోన్లు తగ్గాయి. స్టోరు గోడలు మందం, సిగ్నలు రాదు అన్నాడు. ఒకసారి మాట్లాడుతుంటే పళ్ళు టకటకమన్నాయి. “ఏసీ ఎక్కువ పెట్టినారమ్మా” అన్నాడు. సెలవులో వచ్చినప్పుడు వాడి బుగ్గలు నల్లబడి, పొర లేచి ఉన్నాయి. పంజాబు ఎండ అన్నాడు. నలభై ఊళ్ళ హైకోర్టునైన నేను ఈ సాక్ష్యాలన్నీ విని, తలూపి, కేసు మూసేశాను.

ఇక అసలు నెలకు వస్తాను. ఆ నెలాఖరున ఫోను టింగ్ మంది. మరదలు అంకె చదవలేదు. చెప్పులు వేసుకుని నేరుగా షాపుకు వచ్చి, ఫోను తెచ్చి జిరాక్సు మిషను మీద పెట్టింది.

“బావా, ముప్పైనాలుగు వేలు తక్కువ పడింది. యాడికి పోయింది?”

నేను చూశాను. జీతం తొప్పూరు ఘాట్ రోడ్డులో బ్రేకు తెగిన లారీలా దిగిపోయింది. నేను అద్దాలు తుడుచుకుని మళ్ళీ చూశాను. అద్దాల తప్పు కాదు.

“వాణ్ణి అడగకపోయినావా?”

“అడిగినాను. నవ్వినాడు. ‘ఏదో లెక్క, కణక్కు మారింది, వదిలేయ్’ అన్నాడు. ఆయన నవ్వితేనే నాకు భయం. పన్నెండేండ్లుగా చూస్తా ఉండాను, ఏదన్నా దాచితేనే ఆ నవ్వు వస్తాది. డబ్బు పోతే పోనీ బావా. దాచింది ఏందో నాకు తెలియాల. మంచిదైనా సరే, చెడ్డదైనా సరే.”

పెన్నాగరం వైపు మెట్ట సేద్యం చేసేవాళ్ళ అమ్మాయి ఆమె. వాన వస్తుందో రాదో తెలియకుండా బతకడం పుట్టింట్లోనే అలవాటు చేసుకుంది గానీ, మొగుడు నిజం చెబుతున్నాడో లేదో తెలియకుండా బతకడం ఆమె వల్ల కాదు. మాట్లాడుతున్నంతసేపూ మిషను మీద ఆకుపచ్చ మీటను నొక్కుతూనే ఉంది. పదకొండు తెల్ల కాగితాలు బయటికి వచ్చాయి.

ఇంటికి పోయేసరికి అమ్మ విచారణ ముగించేసింది.

“వాణ్ణి కిందికి దించేసినారు రా. భుజం మీద పట్టీ పీకేసినారు.”

“అమ్మా, ఊరికే పీకరు.”

“ఒక పట్టీకి ఎంత పోతాది?”

“నాకేం తెలుసు?”

“రెండు పీకినారు” అంది అమ్మ కొంగుతో ముక్కు తుడుచుకుంటూ. “ముప్పైనాలుగు వేలంటే రెండు పట్టీలే.”

నేను తమ్ముడికి ఫోను చేసి జీతం స్లిప్పు పంపమన్నాను. వాడు అదే నవ్వు నవ్వాడు.

“పంపుతాలేన్నా. పంపితే మాత్రం నీకేం అర్థమౌతాది? మా ఆఫీసర్లకే అర్థం కాదు దాని తల యాడ ఉండాదో తోక యాడ ఉండాదో.”

ఆ మాటతో నా రక్తం మరిగింది. ముప్పై ఏళ్ళుగా తాలూకా ఆఫీసు కాగితాలను కడుపులో పెట్టుకుని అరిగించుకున్నవాణ్ణి. నాకు అర్థం కాని కాగితం ఇంకా అచ్చు కాలేదు. నాలుగైదు రోజులకు స్లిప్పు వాట్సాపులో వచ్చింది. అచ్చు తీశాను. అక్షరాలు చీమ తలకాయలంత ఉన్నాయి. పెద్దది చేసి మళ్ళీ తీశాను. ఇంకా పెద్దది చేసి నాలుగు ముక్కలుగా తీసి, అతికించి, షాపు గోడకు వేలాడదీశాను. దుప్పటంత అయింది. గాలికి కొట్టుకుంటుంటే తెరచాపలా ఉండేది. ఇంకొంచెం గాలి వీస్తే షాపు కావేరి దాకా పోయేదే.

ఎడమ వైపు ఒక వరస, కుడి వైపు ఒక వరస. ఎడమ వైపువి వచ్చేవి, కుడి వైపువి పోయేవి అని పది నిమిషాల్లో కనిపెట్టేశాను. కుడి వైపున, అడుగు నుంచి మూడో లైనులో, పదిహేడు వేల చిల్లర. దాని పక్కన ‘రికవరీ’ అని ఉంది, దాని పక్కన నాలుగు ఇంగ్లీషు అక్షరాల గుత్తి. ఇవ్వకూడనిది ఇచ్చారు, వెనక్కి లాక్కున్నారు. లాక్కున్నారంటే జరిమానా. జరిమానా అంటే తప్పు చేశాడు. నేను తీర్పు చెప్పేశాను.

“ఫైన్ వేసినారు” అన్నాను మరదలితో. కొంచెం గర్వంగానే అన్నాను, ఎవరికీ అంతు చిక్కనిది నాకు చిక్కిందని. ఆమె ముఖం చూశాక నా నాలుక కోసుకోవాలనిపించింది.

ఆ తర్వాత రెండు రోజులు మా ఇల్లు ఇల్లులా లేదు. మరదలు తమ్ముడి ఫోను ఎత్తడం మానేసింది. ఫోను మోగుతుంది, ఆమె దాన్ని చూస్తుంది, అది ఆగిపోతుంది. వాడు నాకు చేస్తాడు. “ఏమన్నా, అది ఫోనే ఎత్తలే?” అంటాడు. నేను నీళ్ళు నములుతాను. అమ్మ ఏ తప్పుకు ఎంత జరిమానా ఉంటుందో తనలో తానే లెక్క వేస్తూ వాకిట్లో అటూ ఇటూ తిరిగింది. ఆ రెండు రోజుల్లో ఆమె నడిచిన దూరానికి నడక ఆపకుండా తిరుపతి పోయి రావచ్చు. నాకు షాపులో కూర్చోబుద్ధి కాలేదు, లేచి నిలబడబుద్ధి కాలేదు. ఒకాయన తన భూమి పట్టా జిరాక్సు అడిగితే వేరొకాయన పెళ్ళి పత్రిక ఇచ్చి పంపాను.

మూడో రోజు పొద్దున సుబేదారు మామ వచ్చాడు. మా ఊరి పడమటి వీధివాడు. కూలి చేసుకునే ఇంటి నుంచి సైన్యానికి పోయిన మొదటి మనిషి. రిటైరై వచ్చి, నా షాపు పక్కనున్న ఏటీఎంకు కాపలా ఉంటున్నాడు. మిగతా కాపలావాళ్ళు కుర్చీలో కూర్చుంటారు. ఈయన కుర్చీకి కూడా కాపలా కాస్తూ నిలబడతాడు. పెన్షను కాగితం జిరాక్సుకు వచ్చి గోడ మీది దుప్పటి చూశాడు. ఆయన చూపు చురుకెక్కింది.

“ఇది ఎవరిది తంబీ?”

“మా తమ్ముడిది మామా. ఫైన్ వేసినారు.”

“ఎవరు చెప్పింది ఫైన్ అని?”

“నేనే.”

“నువ్వు పట్టాళంలో లేకపోవడం దేశం అదృష్టం” అన్నాడాయన. తర్వాత నన్ను లేచి నిలబడమన్నాడు. సైన్యం లెక్క కూర్చుని వినేది కాదట. నా బల్ల మీది స్టాప్లరు తీసి మధ్యలో పెట్టాడు.

“ఇది బేసిక్. ర్యాంకుకు, సర్వీసుకు తగినట్టు ఉంటాది. దీని మీద ఇది.” స్టాప్లరు పక్కన గమ్ము సీసా పెట్టాడు. “మిలిటరీ సర్వీస్ పే. పట్టాళంలో ఉన్నందుకు. ఆఫీసులో గుమాస్తాకు ఇది లేదు. ఈ రెంటినీ కూడి, దాని మీద డీఏ. కొందరు ఒట్టి బేసిక్ మీదే డీఏ వేసి కణక్కు తప్పిందని ఏడుస్తారు. రెండూ కూడాల. అర్థమైందా?”

“అర్థమైంది మామా.”

“గట్టిగా చెప్పు.”

నేను గట్టిగా చెప్పాను. బస్సు కోసం నిలబడినవాళ్ళు తిరిగి చూశారు.

“ఇవి యాడికి పోయినా మారవు. నీ తమ్ముడు ధర్మపురిలో ఉన్నా, దేశం కొసన ఉన్నా ఇంతే. మారేది ఇదీ.” ఆయన కాగితాలకు రంధ్రాలు వేసే పంచింగ్ మిషను ఎత్తి చూపించాడు. “మనిషి ఉండే చోటును బట్టి ఇచ్చేది. చోటు ఎంత కష్టమో, ఎంత అపాయమో చూసి దానికి తగిన అలవెన్సు. అక్కడ ఉన్నంత కాలం వస్తాది. దిగినాడంటే నిలిచిపోతాది.”

అప్పటికి మరదలు వచ్చి గుమ్మంలో నిలబడి ఉంది. చేతిలో నాకు తెచ్చిన టిఫిను క్యారియరు.

“మరి ఈ రికవరీ ఏంది మామా?” అన్నాను.

ఆయన కుడి వైపు లైను మీద వేలు పెట్టాడు. “ఇది పిడిత్తం, జీతంలో కోత. మనిషి దిగితే యూనిట్ క్లర్కు పార్ట్ టూ ఆర్డరు అని ఒకటి వేస్తాడు. పెండ్లైనా, బిడ్డ పుట్టినా, పోస్టింగు మారినా అందులో పడాల. అది పడేదాకా పట్టాళం కణక్కులో ఏమీ జరగనట్టే. క్లర్కు లేటుగా వేసినాడనుకో, నీ కాళ్ళు కిందికి వచ్చేసినా నీ జీతం, సంబళం, ఇంకా కొండ మీదే ఉంటాది. ఒక నెల అట్లే వస్తాది. తర్వాత నెల రెండూ ఒకేసారి తగ్గుతాయి. ఈ నెలది ఎడమ పక్క లేదు, పోయిన నెల ఎక్కువ ఇచ్చింది కుడి పక్క పట్టుకున్నారు. ఒకటే పదిహేడు వేలు, రెండు చోట్ల.”

పదిహేడూ పదిహేడూ ముప్పైనాలుగు. మా అమ్మ చెప్పిన రెండు పట్టీల లెక్కే. 

“ఆ నాలుగక్షరాలు ఏంది సుబేదారు మామా?” అడిగింది మరదలు.

ఆయన ఆమె వైపు తిరిగి, ఒక్క క్షణం నా వైపు చూసి, గొంతు తగ్గించాడు. “చాలా ఎత్తు మీద, సరిహద్దు దగ్గర. మంచు. అక్కడ ఉన్నోళ్ళకే ఈ అలవెన్సు ఇస్తారమ్మా. ఇప్పుడు లేడు. దిగేసినాడు, అందుకే కదా నిలిపినారు. బాధపడాల్సింది ఏమీ లేదు. ఇది మంచి వార్త.”

ఆమె టిఫిను క్యారియరు బల్ల మీద పెట్టింది. పెట్టి, దాని మూతను బిగించింది. బిగించి ఉన్నదాన్నే మళ్ళీ బిగించింది.

“ఎంత కాలం ఉన్నాడో అందులో తెలుస్తాదా?”

ఆ లెక్కకు ఏ కాగితమూ అక్కరలేదు. మాకు మటన్ గుర్తుంది. రెండేళ్ళ కిందటి ఆ రెండు కిలోలు. జీతం పెరిగిందని మేము ఎముకలు చప్పరిస్తున్న రోజున వాడు ఆ మంచు మీదికి ఎక్కాడన్నమాట. ఏసీ ఎక్కువైందమ్మా అన్నవాడి పళ్ళ చప్పుడు రెండేళ్ళ తర్వాత, ధర్మపురి జిల్లా ఎండలో, నా చెవుల్లో మోగింది. నా అతిశయోక్తుల సంచిలో చెయ్యి పెట్టి వెతికాను. ఆ మంచును ఇంకా పెద్దది చేయడానికి నా దగ్గర ఏమీ దొరకలేదు.

ఆ సాయంత్రం మరదలు ఫోను ఎత్తింది. కోప్పడుతుందనుకున్నాను. పిల్లల పరీక్షల గురించి మాట్లాడింది, పెట్టేసింది.

“అడగలేదే?” అన్నాను.

“అడిగితే సబ్బులంటాడు బావా. ఇంక ఆయన నోటిని నమ్మను. కాగితాన్నే నమ్ముతా. వచ్చే నెల చూద్దాం.”

సుబేదారు మామ లెక్క ప్రకారం వచ్చే నెల పిడిత్తం ఉండదు కాబట్టి పదిహేడు వేలు పెరగాలి. నేను ఆ జోస్యాన్ని కూడలి అంతా చాటాను. ఆ నెలకు ముప్పై రోజులే అని క్యాలెండరు అంటుంది గానీ, నేను లెక్కపెట్టినవి నూట యాభైకి తక్కువ లేవు. మరదలు ఈలోగా గోడ మీది దుప్పటిని బట్టీ పట్టేసింది. వచ్చిన ప్రతిసారీ ఎడమ వరసను పై నుంచి కిందికి వేలితో దిగుతూ చదివేది. ఇంగ్లీషు అక్షరాలు గుర్తుపట్టడమే గానీ చదవడం అంతగా రాని మనిషి, పది రోజుల్లో నాకు డీఏ లెక్క తప్పని దిద్దింది.

నెలాఖరున ఫోను టింగ్ మంది. పదిహేడు వేలు పెరిగింది. నేను షాపులోంచి దూకి రోడ్డు మీదికి వచ్చాను. నా జోస్యం ఫలించింది. టీ కొట్టులో నలుగురికి టీ చెప్పాను, డబ్బు తమ్ముడి ఖాతాలో రాయమన్నాను. అమ్మ అప్పటికే మటన్‌కు సంచి తీసింది.

మరదలు ఒక్కతే కదల్లేదు.

“బావా, పిడిత్తం ఆగిపోతే పదిహేడు పెరుగుతాది. సరే. పిడిత్తం ఇంకో నెల ఉండి, ఆయన్ని మళ్ళా పైకి పంపించినా? అప్పుడు అలవెన్సు వస్తాది కదా. అప్పుడూ పదిహేడే కదా పెరిగేది?”

నేను స్టాప్లరూ గమ్ము సీసా పంచింగ్ మిషనూ ముందేసుకుని కూర్చున్నాను. ఎటు తిప్పినా ఆమె చెప్పిందే వచ్చింది. సుబేదారు మామను పిలిచాను. ఆయన మీసం దువ్వుకుని, “ఒక నెలదే పట్టినారా, రెండు నెలలదా, స్లిప్పు చూస్తేనే తెలుస్తాది” అన్నాడు. స్లిప్పు రావడానికి ఇంకా నాలుగైదు రోజులు పడుతుంది. అమ్మ సంచి మడిచి మళ్ళీ మేకుకు తగిలించింది. ఆ నాలుగైదు రోజులు అటు మటన్ కాదు, ఇటు పస్తు కాదు. వంకాయ.

అయిదో తేదీన స్లిప్పు వచ్చింది. నేను అచ్చు తీసేలోగా మరదలు ఫోను మీదే రెండు వేళ్ళతో పెద్దది చేసి, ఎడమ వరస పై నుంచి దిగడం మొదలుపెట్టింది. అమ్మ ఆమె భుజం మీద నుంచి తొంగి చూస్తోంది. సుబేదారు మామ ఏటీఎంను దొంగల దయకు వదిలేసి వచ్చి నిలబడ్డాడు. వేలు అడుగుకు చేరింది. ఆ నాలుగక్షరాలు ఎడమ వైపు లేవు. కుడి వైపు చూసింది. అక్కడా లేవు.

“కిందే ఉండాడు” అంది. వేలు మాత్రం అక్కడే ఉంచింది.

“మటన్ తేరా” అంది అమ్మ.

“ఆగత్తా. బావా, ఈ కాగితం పోయిన నెలది కదా?”

“అవును.”

“ఈరోజు అయిదో తేదీ.”

  ఈ అయిదు రోజుల సంగతి చెప్పే కాగితం ఇంకా నెల పోయాక గానీ పుట్టదు. మరదలు స్లిప్పును మూసేసి, తమ్ముడికి ఫోను కలిపింది. మా అందరి ముందరే స్పీకరులో పెట్టింది.

“యాడ ఉండావు?”

“స్టోరులోనే ఉండాను మే. సబ్బులు...”

“రెండేండ్లు మంచులో ఉన్నావు. కాగితంలో చూసినాను. మూడు నెలలైంది దిగి. క్లర్కు లేటుగా వేసినాడు. పిడిత్తం కూడా ఐపోయింది. సబ్బుల మాట ఇంక ఎత్తొద్దు.”

 “అన్నకు అర్థమైందా ఆ స్లిప్పు?” అన్నాడు వాడు.

“అన్నకు కాదు. నాకు అర్థమైంది.”

నేను కళ్ళజోడు తీసి తుడుచుకున్నాను.

“భయపడతారని చెప్పలేదు మే. అమ్మ తట్టుకోదని.”

“చెప్పకపోతే భయం లేదనుకున్నావా? వాళ్ళు మళ్ళా పైకి పొమ్మంటే నాకు చెప్పాల. ఈ కాగితం చెప్పేదానికి ముందు నువ్వు చెప్పాల. పిల్లల మీద ఒట్టు.”

అప్పుడు ఫోనులోంచి సైకిలు బెల్లు వినపడింది. ఎవరో వాడి పక్కగా బెల్లు కొట్టుకుంటూ పోతున్నారు. ఇంకోటి మోగింది. మరదలు తలెత్తి సుబేదారు మామ వైపు చూసింది. ఆయన తల అడ్డంగా ఊపాడు, అంత ఎత్తు మీద మంచులో సైకిళ్ళుండవని. ఆమె అప్పుడు బల్ల మీద కూర్చుంది.

“సరే మే. ఒట్టు” అన్నాడు తమ్ముడు. “ముందు నీకే చెప్తా.”

అమ్మ సంచి నా చేతిలో పెట్టింది. మటన్ కొట్టు దగ్గర మా ఇంటి చట్టం కొట్టతనికి బాగా తెలుసు. కత్తి నూరుతూ, “ఏం, పట్టాళం సంబళం పెరిగిందా?” అన్నాడు.

“తగ్గింది” అన్నాను ఛాతీ విరిచి. “రెండు నెలల కింద ఉన్నదాని కన్నా పదిహేడు వేలు తక్కువ. కిలో కొట్టు.”

అతను కత్తి ఆపి నన్ను పైకీ కిందికీ చూశాడు. అదే క్షణాన నా జేబులో ఫోను టింగ్ మంది.  తీసి చూస్తే, రీచార్జి చేసుకోమని ఎవరో పంపిన ప్రకటన. అయినా దాన్ని పై నుంచి కింది దాకా, ఎడమా కుడీ, రెండుసార్లు చదివాను.